నవారు నీడలు

పోయిన సంచికలో గంగాభవానిని మనం గుమ్మంలో వదిలేసి వారమైంది. పాపం, ఆవిడ ఇంకా అక్కడే నిలబడి ఉంది. ఒక చెయ్యి తోసిన తలుపు మీద, రెండో చేతిలో ముడిచిన గొడుగు. నోరు తెరుచుకుంది గాని గొంతులోంచి అరుపు ఇంకా బయటికి రాలేదు.

అక్కడిదాకా ఆవిడ ఎందుకు వచ్చిందంటే, కూతురు లహరి కోసం. డిగ్రీ అయిపోయి ఇంట్లో ఉంటున్న పిల్ల, కొన్నాళ్లుగా మండుటెండలో ఎక్కడికో మాయమవుతోంది. వచ్చాక ఫోన్లో గుసగుసలు. ఆ గుసగుసల్లో మాటిమాటికీ ఒకే మాట వినిపించేది, నవారు. "నవారంటే పిచ్చి నాకు." "శంకర్ నగర్ ఇంట్లో నవారు బాగా కుదురుతుంది." "నవారు లేకపోతే నా బతుకే వేస్టు." పెళ్లికాని పిల్ల, శంకర్ నగర్‌లో ఇల్లు, నవారు. గంగాభవానికి అంతకంటే ఏం కావాలి? నవారంటే మంచం. మంచమంటే కాపురం. కాపురమంటే ఎవడో ఒకడు ఉన్నాడన్నమాట. ఆ ఎవడో మంచివాడై ఉండే అవకాశం గంగాభవాని లెక్కలో ఎప్పుడూ లేదు.

ఆ పొద్దున భర్త దుర్గారావుకు చెబుదామనుకుంది. ఆయన రైల్వే వ్యాగన్లు బాగుచేసే షాపులో పని చేస్తాడు. క్యాంపు డ్యూటీ మీద బిలాస్‌పూర్ వెళ్తున్నాననీ, రేపటికి గాని రాననీ చెప్పి బయలుదేరుతున్నాడు. క్యారియర్ పిడి చేతికి కోసుకుంటోందంటే తన పాత చీర అంచు చింపి చుట్టి కట్టింది. ముడి కొసలు రెండూ కుందేలు చెవుల్లా పైకి లేచాయి. "ఏటిది, దీనికి సెవులెట్టినావు?" అని ఆయన నవ్వాడు కూడా. ఇనుముతో పనిచేసే మనిషి మనసులో నలుసు పడితే చెయ్యి ఎక్కడ పెడతాడో, ఏ చక్రం కింద పెడతాడో అని భయపడి, కూతురి మాట మింగేసింది. ఎప్పుడో యార్డులో దెబ్బ తిన్న కుడికాలు కొంచెం ఈడుస్తూ ఆయన వీధి మలుపు తిరిగేదాకా చూసి, మధ్యాహ్నం లహరి వెనకాలే ఆటో కట్టించుకుని వచ్చేసింది. పాత ఇల్లు. దగ్గరికి వేసిన తలుపు. తోసింది.

లోపల చీకటి. బయట నౌతపా అనే ఆ తొమ్మిది మండు రోజుల ఎండ రోడ్డు తారును కరిగిస్తుంటే, ఆ గదిలో కిటికీలకు నల్ల దుప్పట్లు కట్టి ఉన్నాయి. నేల మీద ఒకే ఒక్క దీపం, వెలుగు కిందినుంచి పైకి. గోడకు అంటుకుపోయి లహరి. ఆమెకు ఎదురుగా టోపీ పెట్టుకున్న మగవాడు. వాడి చేతిలో తుపాకి.

సరిగ్గా ఇక్కడే ఆగాం మనం. ఇప్పుడిక అరుపు బయటికి వచ్చింది.

"ఓలమ్మో! నా గుంటని సంపెత్తన్నాడర్రా! బచావో! ఎవులైనా రండర్రా!"

అరుపుతో పాటు గొడుగు కూడా వచ్చింది. మొదటి దెబ్బకు టోపీ ఎగిరి దీపం మీద పడింది. రెండో దెబ్బకు తుపాకి నేల మీద పడి రెండు ముక్కలైంది. దీపావళికి పిల్లలు రీలు పెట్టి పేల్చే తుపాకి అది, పైన నల్ల రంగు పూసి ఉంది. మూడో దెబ్బ వీపు మీద పడుతుండగా టోపీ కింద ఉన్న కుర్రాడు మోకాళ్ల మీద కూలబడి రెండు చేతులూ పైకెత్తేశాడు.

"ఆంటీ! నక్లీ హై ఆంటీ! దేవుడి తోడు, ఉత్తుత్తిది!"

"అమ్మా! ఆగమ్మా! క్రిస్టోఫర్‌ని కొట్టకు!"

"పేరు కూడా సెబుతున్నావేటే, సిగ్గులేకుండా!"

అప్పుడు చీకట్లోంచి ఒక ముసలి గొంతు, తీరిగ్గా పలికింది. "కట్. బ్రహ్మాండంగా వచ్చిందమ్మా. కాకపోతే ఇది మా కథలో లేదు."

మూలనున్న పేము కుర్చీలోంచి ఒక పెద్దాయన లేచాడు. తెల్లని జుట్టు, ఇస్త్రీ మడత నలగని చొక్కా, మెడలో చిన్న సిలువ. ఆయన జ్ఞానప్రకాశం. రైల్వే స్కూల్లో పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. దెబ్బలు తిన్న క్రిస్టోఫర్ ఆయన మనవడు, లహరితో కలిసి చదువుకున్నవాడు. ఈ వివరాలన్నీ గంగాభవానికి ఎవరో చెబుతూనే ఉన్నారు గాని ఒక్కటీ చెవికెక్కలేదు. ఆవిడ కళ్లు గది మూలకు వెళ్లి అక్కడే నిలిచిపోయాయి.

అక్కడ మంచం ఉంది. నవారు మంచం.

"ఇదుగో!" అంది. "ఇదేగా? నవారు నవారని జపం సేసినావు. నానేటి సెవిటిదాన్ననుకున్నావా? మంచం కూడా ఏసీసినారు!"

లహరి తల్లి చెయ్యి పట్టుకుంది. క్రిస్టోఫర్ మోకాళ్ల మీదే ఉండి అయోమయంగా మంచం వైపు చూశాడు, ఆ మంచం అక్కడుందని అప్పుడే తెలిసినట్టు.

"అమ్మా... నవారు కాదు. నువార్. నువార్!"

"నానన్నదీ అదే గదే!"

"అది మంచం కాదమ్మా, సినిమా!"

"సినిమా అంట, సినిమా! ఎవులికి సెబుతావే కతలు?"

గంగాభవానికి కోపం వస్తే ఎదురుగా ఉన్న మనుషుల మీద కాక వస్తువుల మీద పడుతుంది. ఇంట్లో గిన్నెలకు ఆ సంగతి తెలుసు. ఇప్పుడు మంచం దొరికింది. రెండు చేతులా దాని పట్టె పట్టుకుని, ఎక్కణ్నుంచి వచ్చిందో అంత బలం, నిలువునా ఎత్తేసింది. కిటికీలోంచి బయటికి విసిరిపారేద్దామని ఆవిడ ఉద్దేశం. కిటికీకి కట్టిన నల్ల దుప్పటిని ఒక్క లాగు లాగింది. మేకులతో సహా ఊడి వచ్చింది. మంచాన్ని తీసుకెళ్లి కిటికీకి కొట్టింది. అది కిటికీలో పట్టలేదు. కమ్ములకు ఆని, నిలువుగా, అలా నిలబడిపోయింది.

మంచానికి నిలువు పట్టీలు లేవు. ఉతకడానికని వాటిని విప్పేసినట్టున్నారు. అడ్డపట్టీలు మాత్రమే ఉన్నాయి, పట్టీకీ పట్టీకీ మధ్య వేళ్లు దూరేంత సందుతో.

ఆ సందుల్లోంచి పడమటి ఎండ గదిలోకి పడింది.

గది నేలంతా నలుపూ తెలుపూ చారలు. పేము కుర్చీ మీద చారలు. క్రిస్టోఫర్ వీపు మీద చారలు. లహరి రెండడుగులు ముందుకు వేసింది. ఆ చారలు ఆమె పాదాల మీదుగా పైకి పాకి నడుము దగ్గర ఆగాయి.

"అమ్మా," అంది లహరి, గుడిలో మాట్లాడినంత మెల్లగా. "కదపకు. ప్లీజ్. మంచాన్ని కదపకు."

జ్ఞానప్రకాశం కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నాడు. "ఈ చారల కోసం అట్టముక్కలు కోశాం. చీపురుపుల్లలు కట్టాం. వెదురు తెర కొనుక్కొచ్చాం. ఏదీ కుదరలేదు. నా మంచం నా ఇంట్లోనే ఉంది గదమ్మా, నాకెందుకు తోచలేదో!"

*

గంగాభవానికి నీళ్లిచ్చారు. తాగలేదు. అందులో ఏం కలిపారో ఎవరికి తెలుసు? జ్ఞానప్రకాశం అదే గ్లాసులోంచి ఒక గుక్క తాగి చూపించాడు. అప్పుడు వేరే గ్లాసు అడిగి తాగింది.

"నువార్ అంటే ఫ్రెంచివాళ్ల మాటమ్మా. నలుపు అని అర్థం," అన్నాడాయన పక్కన పేము మోడా వేసుకుని కూర్చుని. "అమెరికాలో, పెద్ద యుద్ధం జరిగే రోజుల్లో మొదలయ్యాయి ఈ సినిమాలు. జర్మనీ నుంచి ప్రాణాలు అరచేత పెట్టుకుని పారిపోయొచ్చిన వాళ్లు చాలామంది అక్కడ సినిమాల్లో చేరారు. నీడలంటే ఏమిటో బాగా తెలిసినవాళ్లు. చాలా సినిమాలకు డబ్బు తక్కువ. పెద్ద సెట్టు లేకపోతే ఏం చేస్తారు? దీపం ఆర్పేశారు. చీకట్లో గోడ లేదన్న సంగతి ఎవరికి కనబడుతుంది?"

"అయితే లేనోళ్ల సినిమాలన్నమాట."

"అంతే అనుకో. ఆ లేమిలోంచి ఎంత అందం తీశారో! తర్వాత బొంబాయివాళ్లు నేర్చుకున్నారు, మద్రాసువాళ్లు నేర్చుకున్నారు. ఇప్పుడు నువ్వు టీవీలో చూసే సీరియల్లో విలన్ వచ్చేముందు ముఖం సగం చీకట్లో పెడతారు చూడు, అదీ అక్కణ్నుంచి వచ్చిందే. ఎనభై ఏళ్లు దాటాయి. ఇంకా పాతబడలేదు."

"ఇదేదో మంచి పనైతే దాచడమెందుకు మరి?" గంగాభవాని కూతురి వైపు తిరిగింది. మొదటి భయం కొంచెం తగ్గేసరికి రెండోది తన్నుకొచ్చింది. "సినిమా అంటే ఏటనుకుంటన్నావు? సినిమాలకని పోయిన ఆడపిల్లలు ఏటయిపోతన్నారో పేపర్లో సూడ్డం లేదా? పద ఇంటికి. రేపే పలాస బండెక్కించీస్తాను, మీ మేనత్తింటికి. బస్, అంతే."

లహరి తల్లి ఎదుట నేల మీద కూర్చుంది. "ఒక్క షాట్ మిగిలిందమ్మా. అదే ఆఖరిది. రేపు పొద్దున బిల్డర్ మనుషులొచ్చి ఈ ఇల్లు పడగొట్టేస్తారు. తాతగారు సామాను కూడా పంపించేశారు. ఇవాళ నువ్వు నన్ను తీసుకుపోతే నా సినిమా ఖతం. ఆఖరు లేని కథని ఎవడు చూస్తాడు?"

"నాకు సెప్పొచ్చు గదా?"

"చెబితే? ఏం చేసేదానివి? నేను ట్యూషన్ నుంచి కొంచెం లేటుగా వస్తే చాలు, నన్ను లారీ కింద పెట్టేస్తావు. నాన్న ఫోన్ ఎత్తకపోతే ఆయన్ని క్రేన్ కింద పెట్టేస్తావు. పాలవాడు రాకపోతే వాడికీ ఏదో అయిపోతుంది."

"ఆడికి నిజంగానే అయింది. కాలిరిగింది."

క్రిస్టోఫర్ నవ్వు ఆపుకోలేకపోయాడు. గంగాభవాని గొడుగు వైపు చూసింది. ఆపుకున్నాడు.

"వెక్కిరిస్తున్నాననుకోకు అమ్మా," అంది లహరి. "చిన్నప్పుడు నాన్న ఇంటికి రావడం ఆలస్యమైతే నువ్వు తలుపు గొళ్లెం పెట్టి, సందులోంచి చూస్తూ నిలబడేదానివి. వీధి లైటు ఆ సందులోంచి నీ ముఖం మీద గీతలా పడేది. ఒక కన్ను మాత్రమే కనిపించేది. నేను పక్క మీంచి నిన్నే చూసేదాన్ని. అంత భయంలో నువ్వు ఎంత అందంగా ఉండేదానివో నీకు తెలీదు. నేను చూసిన మొట్టమొదటి నువార్ అదే."

గంగాభవాని తను అందంగా ఉందని చివరిసారి ఎవరన్నారో వెతుక్కుంది, దొరకలేదు. అందుకని మామూలు కంటే కటువుగా, "ఎంతసేపవుద్ది ఆ షాటు?" అంది.

*

షాటుకు తొందరేం లేదు, పొద్దే ఇంకా కిందికి దిగాలి. చారలు లహరి నడుము దగ్గర ఆగిపోయాయి గదా, ముఖం దాకా రావాలంటే ఎండ వాలాలి. అందాకా కూర్చోబెట్టడానికి జ్ఞానప్రకాశం లాప్‌టాప్‌లో ఒక పాత సినిమా పెట్టాడు.

"నేను ఖరగ్‌పూర్‌లో కుర్రాడిగా ఉన్నప్పుడు రైల్వే ఇన్‌స్టిట్యూట్‌లో దుప్పటి కట్టి వేసేవాళ్లమ్మా ఇవి. ముందువైపు ఆఫీసర్లకి కుర్చీలు. మాలాంటి పిల్లలం దుప్పటి వెనకాల నేల మీద. మాకు అన్నీ తిరగబడి కనిపించేవి, కుడి ఎడమ, ఎడమ కుడి. చాలా ఏళ్ల దాకా ఆ హీరోలందరూ ఎడమచేతివాటం వాళ్లనుకునేవాణ్ని."

గంగాభవాని బొమ్మ వైపు అనుమానంగా చూసింది. మాటలు ఇంగ్లీషు, ఒక్కటీ అర్థం కాదు. అర్థం కావలసిన అవసరం కూడా కాసేపటికి లేకుండా పోయింది.

వానలో ఒక మనిషి ఒక ఇంటి ముందు ఆగాడు. పై అంతస్తులో దీపం వెలిగింది. లోపలికి వెళ్లకూడదని వాడికి తెలుసు. తెలిసినట్టు ముఖంలోనే ఉంది. అయినా మెట్లెక్కుతున్నాడు. మెట్ల కమ్మీల నీడ గోడ మీద వాడి కంటే ముందు ఎక్కుతోంది, పెద్దదై, వంగిపోయి.

"ఎల్లకురా," అంది గంగాభవాని.

వాడు వెళ్లాడు. తలుపు తెరిచింది ఒక ఆడమనిషి. సగం ముఖం వెలుగులో, సగం చీకట్లో. నవ్వింది. నవ్వు వెలుగులో ఉన్న సగానికి మాత్రమే వచ్చింది.

"ఓరి నాయనా, ఇది మంచిది కాదు. సెప్పండ్రా ఎవులైనా ఆడికి!"

ఎవరూ చెప్పలేదు. అదే ఆవిడను పట్టేసింది. ఆవిడ ఇన్నేళ్లుగా చూసిన సినిమాల్లో ఎవరో ఒకరు వచ్చేవారు. అమ్మ ఏడిస్తే దేవుడు కరిగేవాడు, పోలీసులు చివర్లో జీపులో దిగేవారు, అందరూ వరసగా నిలబడి నవ్వేవారు. గంగాభవాని ఆ సినిమాలు చూసి ఇంటికొచ్చి కూడా మనసులో అనుకునేది, ఇంత బాగా ఎప్పుడు జరుగుతుంది ఎవరికైనా? మళ్లీ తలుపు గొళ్లెం సరిగ్గా పడిందో లేదో చూసుకునేది. ఇల్లంతా నిద్రపోతే తనొక్కతే మేలుకుని ఏ మూల ఏం జరుగుతుందోనని చెవులు రిక్కించేది. నీకు పిచ్చి అనేవారు అందరూ. దుర్గారావు కూడా అనేవాడు.

ఇక్కడ, ఈ చిన్న పెట్టెలో, ఎవరో తెల్లవాళ్లు, ఆవిడ పుట్టకముందే చచ్చిపోయినవాళ్లు, ఆవిడకొచ్చే పాడు ఆలోచనలన్నీ ముందే ఆలోచించేశారు. మెట్ల మీద చప్పుడైతే అది పిల్లి కాదని వాళ్లకీ తెలుసు. ఫోన్ మోగి ఆగిపోతే అది రాంగ్ నంబరు కాదని వాళ్లకీ తెలుసు. తెలిసి ఊరుకోలేదు. ఆ భయానికి దీపం పెట్టారు, నీడ వేశారు, వాన కురిపించారు, టోపీ తొడిగారు. పీడకలకు పట్టుచీర కట్టినట్టు చేశారు.

బొమ్మ చివర్లో ఆ మనిషి చచ్చిపోయాడు. గంగాభవాని ముందే చెప్పింది చచ్చిపోతాడని. కొంగుతో కళ్లు తుడుచుకుంది గాని గుండె మాత్రం ఎందుకో తేలికపడింది, వానొచ్చి వెలిసినట్టు.

"ఈళ్ల ముందు నానేపాటి?" అంది. "నా కంటే ముందే బయపడిపోయినారు. ఇంకోటుందా?"

లహరి తల్లి భుజం మీద తల పెట్టి నవ్వింది. ఈసారి క్రిస్టోఫర్ నవ్వినా గంగాభవాని గొడుగు వైపు చూడలేదు.

"ఒకటి గమనించావా అమ్మా?" అన్నాడు జ్ఞానప్రకాశం. "ఈ సినిమాల్లో భయం ఉన్నంతసేపూ మనుషులు అరుస్తారు, పరిగెడతారు. నిజం తెలిసిన క్షణాన మాత్రం ఎవరూ అరవరు. గొంతు తగ్గిపోతుంది. మెల్లగా లైటు ఆర్పేస్తారు. మన లహరి కథలో ఆఖరి షాటు కూడా అదే. తనకి నిజం తెలుస్తుంది. లైటు ఆర్పేస్తుంది. కిటికీ పట్టీలు వేళ్లతో కొంచెం విడదీసి బయటికి చూస్తుంది. అంతే."

"బయట ఏటుంటది?"

"అది చూపించం."

"సూపించకపోతే ఎలాగ?"

"చూపించకపోతేనే గదా, చూసేవాళ్లు ఎవరి భయం వాళ్లు అక్కడ పెట్టుకుంటారు."

గంగాభవాని ఈ మాటను నోట్లో వేసుకుని కాసేపు చప్పరించింది. బాగుంది అనుకుంది.

*

ఎండ వాలింది. చారలు లహరి నడుము వదిలి మెడ మీదికి, మెడ వదిలి ముఖం మీదికి వచ్చాయి.

లహరి వెనక గోడకు ఒక నిలువుటద్దం. అది జ్ఞానప్రకాశంగారి పోయిన భార్యది; సామానంతా పంపినా ఆ అద్దాన్ని మాత్రం ఆయన కదపనివ్వలేదు, రేపు ఆఖర్న తనతోనే తీసుకెళ్తాడు. ఆ అద్దంలో కిటికీ, కిటికీకి ఆనించిన మంచం, పట్టీల సందుల్లోంచి బయటి వీధి సన్నని ముక్కలుగా కనిపిస్తున్నాయి. లహరి ముఖం మీద చారలు, వెనక అద్దంలో మళ్లీ చారలు. క్రిస్టోఫర్ కెమెరా వెనక వంగి కూర్చున్నాడు. మంచం జారకుండా పట్టుకునే పని గంగాభవానిది. పక్కకు నక్కి, రెండు చేతులతో కోడు పట్టుకుని, ఊపిరి కూడా మెల్లగా వదులుతూ నిలబడింది.

"అమ్మా, దగ్గకు."

"నానెక్కడ దగ్గినాను? కానీ."

లహరి దీపం దగ్గర నిలబడింది. కళ్లెత్తింది. తన కడుపున పుట్టిన పిల్ల అని గంగాభవాని నమ్మలేకపోయింది. ఒక చార కళ్ల మీద వెలుగ్గా, దాని కింద చార నోటి మీద నల్లగా. ఆ పిల్ల ఏం చూస్తోందో తెలియదు, ఏం తెలిసిందో తెలియదు. ఏదో తెలిసిందని మాత్రం తెలుస్తోంది. లహరి వంగి దీపం ఆర్పింది. చారలొక్కటే మిగిలాయి.

గంగాభవాని గుండె నిండిపోయింది. నా కూతురు, అనుకుంది. ఇంకొంచెం సేపు అలాగే ఉంటే ఏదైనా కీడు జరుగుతుందేమోనని అలవాటుగా అనుకుని, ఇవాళ్టికి వద్దులే అని ఆ ఆలోచనను పక్కకు నెట్టేసింది.

"ఓకే!" అన్నాడు క్రిస్టోఫర్. "మస్త్ వచ్చింది! ఇక కిటికీలోంచి చూసే ముక్క ఒక్కటే."

నేల మీది దీపం మళ్లీ వెలిగించి, అందరూ లాప్‌టాప్ చుట్టూ మూగారు. నలుపు తెలుపులో ఆ షాటు చూస్తుంటే జ్ఞానప్రకాశం చేతులు కట్టుకుని నిలబడ్డాడు. మోడా మీద కూర్చున్న గంగాభవాని అయితే, "దిష్టి తియ్యాలి," అని రెండుసార్లంది.

"అరె యార్," అన్నాడు క్రిస్టోఫర్ ఉన్నట్టుండి. "వెనక అద్దంలో ఎవడో వచ్చేశాడు."

"ఎక్కడ?"

"ఇదుగో. ఎదురింటి గేటు దగ్గర. రెండు పట్టీల మధ్య."

"పెద్దది చెయ్యి చూద్దాం," అంది లహరి. "కథలోకి పనికొస్తే ఉంచేద్దాం. ఏ గూఢచారో అనుకుంటారు."

బొమ్మ పెద్దదైంది. గరుకుగా, ఇసక పోసినట్టుగా అయింది. ఎదురింటి గేటు. ఒక మనిషి వీధిలోంచి నడిచొస్తున్నాడు. అటూ ఇటూ చూశాడు. ముఖం మీద గేటు పక్కనున్న వేపకొమ్మ నీడ. మనిషి తెలియడం లేదు. నడక తెలుస్తోంది. ఒక కాలు కొంచెం ఈడుస్తున్నాడు.

గంగాభవాని వేళ్లు మోడా అంచును పట్టుకున్నాయి. కాదు. వెంటనే చూసుకుంది, కాదు. ఆయనది కుడికాలు. వీడు ఈడుస్తున్నది ఎడమకాలు. ఇంత ఊపిరి వదిలింది. అసలు ఆయనెక్కడ, శంకర్ నగర్ ఎక్కడ? బిలాస్‌పూర్‌లో ఉన్న మనిషి ఇక్కడికెలా వస్తాడు? తనకు నిజంగానే పిచ్చి. దుర్గారావు గురించి తను పడిన భయాలన్నీ ఇనుము చుట్టూ తిరిగినవే. చక్రాలు, క్రేన్లు, గొలుసులు. ఇంకో రకం భయం ఈ జన్మలో ఒక్కసారి కూడా తట్టలేదు. ఇప్పుడెందుకు తట్టాలి?

"పాపం, ఎడమకాలు సరిగ్గా లేనట్టుంది," అంది పైకి, తనకు తాను గట్టిగా చెప్పుకోవడానికి.

"ఎడమ కాదమ్మా, కుడి," అన్నాడు జ్ఞానప్రకాశం తెర మీంచి కళ్లు తిప్పకుండా. "అద్దం గదా. దుప్పటి వెనక కూర్చున్నట్టే. అన్నీ తిరగబడతాయి."

తెర మీది మనిషి గేటు దగ్గర ఆగాడు. తలుపు తట్టలేదు. ఎవరినీ పిలవలేదు. జేబులో చెయ్యి పెట్టి తాళంచెవి తీశాడు. తాళం తియ్యడానికి వీలుగా రెండో చేతిలో ఉన్నదాన్ని గేటు దిమ్మె మీద పెట్టాడు. అది క్యారియర్. దాని పిడి మీద గుడ్డ చుట్టి ఉంది. ముడి కొసలు రెండు, కుందేలు చెవుల్లా, పైకి లేచి ఉన్నాయి.

"ఎవరమ్మా?" అంది లహరి. తల్లి ముఖం చూసి మళ్లీ అడిగింది. "తెలిసినాయనా?"

పొద్దున ఆ క్యారియర్‌లో వంకాయ కూర పెట్టింది. పైగిన్నెలో పెరుగన్నం. ఒక్కడికి ఎక్కువవుతుందేమో అంటే, "పరవాలేదు, కొంచెం ఎక్కువే పెట్టు," అన్నాడు.

గంగాభవాని అరవలేదు. క్రిస్టోఫర్ ఆమె అరుస్తుందనే అనుకుని ఒక అడుగు వెనక్కి వేశాడు. ఆమె మోడా మీంచి లేచింది.

"ఆ లైటు ఆర్పీ, గుంటా," అంది.

ఆ గొంతు లహరి ఎప్పుడూ వినలేదు. ఎందుకని అడగకుండా వంగి దీపం ఆర్పేసింది. గదిలో ఎండ చారలు మాత్రమే మిగిలాయి. గంగాభవాని వాటి మీదుగా నడిచి కిటికీ దగ్గరికి వెళ్లి, మంచం ముందు నిలబడి, రెండు నవారు పట్టీలను వేళ్లతో మెల్లగా విడదీసింది. సందులోంచి వెలుగు ఆమె ముఖం మీద గీతలా పడింది. ఒక కన్ను మాత్రమే కనిపిస్తోంది.

తను ఏం చేస్తోందో తనకే తెలియకుండా లహరి చెయ్యి కెమెరా మీదికి వెళ్లింది.

ఎదురింటి తలుపు తెరుచుకుంది.